వినకుండానే తీర్పా?

ఏదైనా సర్కారు హైస్కూలుకు వెళ్లినప్పుడు హెడ్మాస్టరు గదిలో గోడ మీద చూడండి. చాలాచోట్ల ఒక బోర్డు ఉంటుంది. ఆ బడికి పెద్దసార్లుగా పనిచేసిన వాళ్ల పేర్లు, ఎప్పటినుంచి ఎప్పటివరకు అన్న తేదీలు రంగుతో వరుసగా రాసి ఉంటాయి. ఆ పేర్ల పక్కన 'ఇన్‌ఛార్జి' అన్న మాట ఎన్నిసార్లు వచ్చిందో లెక్కపెట్టండి. ఆ మాట ఉన్నచోటల్లా, ఆ కుర్చీలో పూర్తి హక్కుతో కూర్చోవలసిన మనిషి ఎవరో అప్పటికి తేలలేదన్నమాట. తేలకపోవడానికి కారణాలు చాలా ఉంటాయి. వాటిలో ఒకటి మనం ఇళ్లల్లో ఎప్పుడూ మాట్లాడుకోం. అది కోర్టు కేసు.

'హెడ్మాస్టరు ఎవరైతే మనకేం? పిల్లలకు చదువొస్తే చాలదా?' అంటారు కొందరు తల్లులు. చాలదమ్మా. మధ్యాహ్న భోజనం బిల్లు, పదో తరగతి వాళ్లకు సాయంత్రం క్లాసులు, ఆడపిల్లల మరుగుదొడ్డికి తలుపు... వీటన్నిటికీ పూనుకోవలసింది, సంతకం పెట్టవలసింది ఆ కుర్చీలో మనిషే. ఇన్‌ఛార్జిగా ఉన్నవాళ్లు తమ పాఠాలు తాము చెప్పుకుంటూ, ఈ పనీ నెత్తిన వేసుకోవాలి. 'రేపో మాపో అసలు సారు వస్తాడు, మనకెందుకు?' అని ఏ నిర్ణయమైనా వాయిదా వేస్తే వాళ్లను తప్పుపట్టలేం. మా సిరిసిల్లలో మరమగ్గాల మీద బతికే ఇళ్లు, బీడీలు చుట్టి పిల్లల్ని చదివించే తల్లులు ఎంతోమంది. ప్రైవేటు బడి ఫీజు కట్టలేని ఇంటికి సర్కారు బడే దిక్కు. ఆ బడికి యజమాని లేకపోతే నష్టపోయేది ఆ పిల్లలే.

ఈ తగాదాలు నిన్నమొన్నటివి కావు. సర్కారు బళ్ల టీచర్లు ఒకవైపు, జిల్లా పరిషత్తు, మండల పరిషత్తు బళ్ల టీచర్లు మరోవైపు. ప్రమోషన్లలో ఎవరి వాటా ఎంత, మండల విద్యాధికారి పోస్టు ఎవరికి అన్న పేచీ ఏళ్ల తరబడి నలిగింది. ఇద్దరికీ కలిపి 1998లో ఏకీకృత సర్వీసు నిబంధనలు తెస్తే అవి కోర్టుకెక్కాయి. 2017లో రాష్ట్రపతి ఉత్తర్వులకు సవరణ తెచ్చి రెండు వర్గాలనూ కలిపారు. 2018లో హైకోర్టు ఆ సవరణను కొట్టేసింది. ఈ మధ్యలో ఎంతమంది ప్రమోషను చూడకుండానే రిటైరయి వెళ్లిపోయారో మీ బంధువుల్లో టీచర్లుంటే అడగండి, చెబుతారు.

2016 అక్టోబరు 11న కరీంనగర్ నుంచి విడివడి మాది రాజన్న సిరిసిల్ల జిల్లా అయింది. జగిత్యాల ఇంకో జిల్లా అయింది. 2018లో కొత్త రాష్ట్రపతి ఉత్తర్వులతో జోన్లు, మల్టీజోన్లు వచ్చాయి. 2021 డిసెంబరు 6న వచ్చిన 317 నంబరు జీవోతో టీచర్లను సీనియారిటీ లెక్కన కొత్త జిల్లాలకు పంచారు. భార్య ఒక జిల్లాలో, భర్త ఇంకో జిల్లాలో పడిన ఇళ్లున్నాయి. ఆ పైన, సర్వీసులో ఉన్న టీచర్లకు కూడా ప్రమోషను కావాలంటే టెట్ పాసై ఉండాలని 2025 సెప్టెంబరు 1న సుప్రీంకోర్టు తీర్పిచ్చింది. పిల్లల పెళ్లిళ్లు చేయాల్సిన వయసులో టీచరమ్మలు మళ్లీ పరీక్ష పుస్తకాలు పట్టారు. అంటే జాబితాలు మళ్లీ తయారవుతాయి. జాబితా తయారైన ప్రతిసారీ పేర్లు పైకీ కిందికీ కదులుతాయి. కదిలిన చోటల్లా ఒక కడుపుమంట ఉంటుంది.

జోన్ల సంగతి, కేడర్ల సంగతి వకీళ్లు, సంఘాల వాళ్లు చూసుకుంటారు. నేను చెప్పదలచుకున్నది అంతకన్నా చిన్న విషయం. ఒక మనిషికి నష్టం కలిగే ఆర్డరు మీద సంతకం పెట్టేముందు, ఆ మనిషి మాట విన్నారా? ఇది సరిగ్గా జరిగితే చాలా తగాదాలు ఆఫీసు గుమ్మంలోనే తెగిపోతాయని నా నమ్మకం.

మా బంధువుల్లో ఒకావిడ సంగతి చెబుతాను. ఊరు, ఆఫీసు పేరు అనవసరం. ఇరవై ఏళ్లు దాటిన సర్వీసు. సీనియారిటీ జాబితాలో ఆమె ఉద్యోగంలో చేరిన తేదీలో ఒక్క అంకె తప్పు పడింది. దాంతో ఆమె పేరు బాగా కిందికి జారింది. జాబితా ఆఫీసు గోడకు అంటించారట. అభ్యంతరాలుంటే చెప్పమన్నారట. ఆ రోజుల్లో ఆమె పరీక్షల డ్యూటీలో ఉంది, తెలియలేదు. తెలిశాక దరఖాస్తు పట్టుకుని వెళితే 'చూస్తాం మేడం' అన్నారు. రెండోసారి వెళితే 'ఫైలు పైకి పోయింది' అన్నారు. మూడోసారి వెళ్లేసరికి వేరేవాళ్లకు ఆర్డర్లు వచ్చేశాయి. అప్పుడు 'ఇక కోర్టుకు పోండి' అన్నారు. 'నా సర్వీసు రిజిస్టరు ఒక్కసారి తీసి చూస్తే అయిపోయేది కదా' అంటుందామె ఇప్పటికీ. ఆ రిజిస్టరు ఎక్కడో లేదు, ఆమె పనిచేసే బడి బీరువాలోనే ఉంది!

ఆమె కోర్టుకు వెళ్లలేదు. హైదరాబాదు తిరగాలి, వకీలు ఫీజు కట్టాలి, అత్తగారికి మంచంలో సేవ చేయాలి. 'పోనీలే' అంది. ఈ 'పోనీలే' అన్న మాట మన ఆడవాళ్ల నోట ఎంత తేలిగ్గా వస్తుందో! చీర రంగు వెలిసినా పోనీలే, ఇరవై ఏళ్ల కష్టానికి గుర్తింపు రాకపోయినా పోనీలే. ఆమె నోరు మూసుకుంటే ఆఫీసులో ఫైలు 'వివాదం లేదు' అని మూతపడుతుంది. తప్పు మాత్రం అలాగే ఉంటుంది.

నిజానికి ఇలాంటి వాళ్ల కోసమే 1976లో ఆంధ్రప్రదేశ్ పరిపాలనా ట్రిబ్యునల్ వచ్చింది. ఉద్యోగుల సర్వీసు తగాదాలు అక్కడ తేలాలని ఉద్దేశం. కానీ రాజ్యాంగంలో దాన్ని పెట్టిన 371-డి అధికరణంలోనే ఒక మెలిక ఉండేది. ట్రిబ్యునల్ ఇచ్చిన తీర్పును రాష్ట్ర ప్రభుత్వం మార్చవచ్చు, రద్దు చేయవచ్చు! ఉద్యోగి కేసు వేసేది ప్రభుత్వం మీద. ఓడిపోయిన ప్రభుత్వమే ఆ తీర్పును చింపి పారేయవచ్చు. అత్తాకోడళ్ల తగవులో పంచాయితీ చెప్పిన తీర్పును అత్తగారే కొట్టేసినట్టు. 1986లో సాంబమూర్తి కేసులో సుప్రీంకోర్టు ఆ మెలికను చెల్లదని తీసేసింది. 2016లో తెలంగాణకు ఆ ట్రిబ్యునలే లేకుండా పోయింది. ఇప్పుడు మా సిరిసిల్ల టీచరమ్మకు ఏ కష్టం వచ్చినా హైదరాబాదులో హైకోర్టు మెట్లెక్కాల్సిందే. కోర్టు అంత దూరమైనప్పుడు, ఊళ్లోని ఆఫీసు ఇంకెంత జాగ్రత్తగా వినాలి?

వినడం అంటే ఏమిటో మా ఊరి బీడీ కార్మికులకు ఎవరూ నేర్పనక్కర్లేదు. పొద్దంతా చాట ఒళ్లో పెట్టుకుని చుట్టిన బీడీలు తీసుకుపోతే, టేకేదారు కొన్ని బాగాలేవని పక్కన పడేస్తాడు. 'ఏది బాగలేదో చూపియ్యి. ఎందుకు తీసేసినవో చెప్పు' అని అడుగుతుంది ఆ తల్లి. చూపించు, కారణం చెప్పు, నా మాట విను. లా పుస్తకాల్లో వీటికే సహజ న్యాయసూత్రాలని పెద్ద పేరు పెట్టారు.

ఈ సూత్రం బళ్లకూ కాలేజీలకూ కొత్తేమీ కాదు. ఇంగ్లండులో కేంబ్రిడ్జి ట్రినిటీ కాలేజీ అధిపతి రిచర్డ్ బెంట్లీ డిగ్రీలను 1718లో విశ్వవిద్యాలయం లాగేసుకుంది. ఆయన మాట వినలేదు. 1723లో కోర్టు అది చెల్లదంది. దేవుడంతటివాడు కూడా ఆదామును పిలిచి అడగకుండా శిక్ష వేయలేదు కదా అన్న వాదన ఆ కేసులోనే వచ్చింది. ఆ బెంట్లీ మంచివాడా, గయ్యాళా అన్నది వేరే సంగతి. నచ్చనివాడి మాట కూడా వినాలి అన్నదే అక్కడి నీతి.

అంత దూరం ఎందుకు, మన దగ్గరికే రండి. కృష్ణా జిల్లాలో ప్రైవేటు బస్సు రూట్లను ప్రభుత్వం తీసుకోబోతే బస్సు యజమానులు అభ్యంతరం చెప్పారు. వాళ్ల మాటలు విన్నది ఒక కార్యదర్శి. నిర్ణయం తీసుకున్నది ముఖ్యమంత్రి. గుళ్లపల్లి నాగేశ్వరరావు కేసుగా పేరుపడిన ఆ తగాదాలో, విన్నది ఒకరు, తేల్చింది ఇంకొకరు అయితే అది వినడం ఎలా అవుతుందని 1958లో సుప్రీంకోర్టు తప్పుపట్టింది. ఆ తీర్పు రాసింది మన తెలుగువాడు, జస్టిస్ కోకా సుబ్బారావు. టీచరమ్మ గోడు గుమాస్తా విని, ఆర్డరు మీద సంతకం పైనున్న అధికారి పెడితే, ఆమె మాట ఆ అధికారి చెవిన పడినట్టేనా? బస్సు యజమానులకు పనికొచ్చిన నీతి బడి టీచరుకు పనికిరాదా?

రెండో సంగతి, వినేవాడికి ఆ కుర్చీ మీద ఆశ ఉండకూడదు. అటవీశాఖ పెద్ద ఉద్యోగాల ఎంపికలో, తానే ఒక అభ్యర్థి అయిన అధికారి ఎంపిక బోర్డులోనూ కూర్చున్నాడు. తన పేరు వచ్చినప్పుడు లేచి బయటికి వెళ్లాడట. పోటీదార్ల పేర్లు వచ్చినప్పుడు మాత్రం లోపలే ఉన్నాడు. చివరికి జాబితాలో మొదటి పేరు ఆయనదే! 1969లో క్రైపాక్ కేసులో సుప్రీంకోర్టు ఆ ఎంపికను కొట్టేసింది. ప్రైవేటు కాలేజీల్లో ప్రిన్సిపాలును ఎంచే కమిటీలో ఎవరి బావమరిది ఉన్నాడో, ఎవరి చుట్టం ఉన్నాడో ఊరంతటికీ తెలుస్తుంది. కాగితం మీద మాత్రం 'అర్హతను బట్టి' అని ఉంటుంది.

మూడోది, ఆమె మీద ఏం రాశారో ఆమెకు చూపించాలి. హైదరాబాదు ఇ.సి.ఐ.ఎల్. ఉద్యోగి కరుణాకర్ కేసులో 1993లో సుప్రీంకోర్టు ఈ మాట గట్టిగా చెప్పింది. విచారణ చేసిన అధికారి నివేదికను ఉద్యోగికి ఇచ్చి, జవాబు తీసుకున్న తర్వాతే పై అధికారి తప్పొప్పులు తేల్చాలి. నాలుగోది, కారణం రాయాలి. 1977లో మేనకా గాంధీ పాస్‌పోర్టు తీసుకుని, కారణం అడిగితే ప్రజాప్రయోజనం దృష్ట్యా చెప్పబోమన్నారు. 1978 జనవరి 25న వచ్చిన తీర్పు ఆమె ఒక్కరికే కాదు, మనందరికీ పనికొచ్చింది. పద్ధతి అంటే ఏదో ఒక పద్ధతి చాలదు, అది న్యాయంగా ఉండాలని ఆ తీర్పు చెప్పింది.

ఇందులో ఆడవాళ్ల సంగతి ప్రత్యేకంగా ఎందుకంటారా? ఉద్యోగంలోకి రావడానికి మనకు కొంత తోవ దొరికింది. 1984లో వచ్చిన 22-ఎ నిబంధనతో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం నేరుగా భర్తీ చేసే ఉద్యోగాల్లో స్త్రీలకు 30 శాతం వాటా ఇచ్చింది. 1995లో విజయకుమార్ కేసులో సుప్రీంకోర్టు అది చెల్లుతుందని చెప్పింది. తలుపు తెరుచుకుంది. కానీ లోపల పై మెట్టు ఎక్కే దగ్గర కొలతలు మారిపోతాయి. మగవాడు హెడ్మాస్టరై గట్టిగా మాట్లాడితే 'స్ట్రిక్టు మనిషి' అంటారు. ఆడది మాట్లాడితే 'నోరు మంచిది కాదు' అంటారు. మెత్తగా ఉంటే 'కంట్రోలు లేదు' అంటారు. ఈ మాటలు సంతకం లేని ఉత్తరాలుగా ఫైళ్లలోకి ఎక్కుతాయి. నివేదికలో ఒక వాక్యమవుతాయి. ఆమెకు మాత్రం ఎవరూ చూపించరు. చూపిస్తే ఆమె జవాబు చెప్పగలదు. చీకట్లో ఉన్నంతసేపే అలాంటి మాటకు బలం.

ఇంకో సంగతి కూడా ఉంది. ఒక టీచరమ్మకు మెమో వచ్చిందంటే చాలు, 'ఏం చేసిందట?' అని వీధి వీధంతా అడుగుతుంది. విచారణకు వచ్చిన అధికారి స్టాఫ్‌రూములో అందరి ముందూ ప్రశ్నలు వేస్తాడు. ఆ సిగ్గుకు భయపడి జవాబు రాయకుండా ఊరుకునేవాళ్లు ఉన్నారు. సెలవు పెట్టి ఇంట్లో కూర్చునేవాళ్లు ఉన్నారు. వినడంలో మర్యాద కూడా ఒక భాగం. పిలిచామన్న పేరుకు పిలిచి, నలుగురిలో నిలబెట్టి అవమానిస్తే అది వినడమెట్లా అవుతుంది?

'ఇట్లా అందరినీ పిలిచి వింటూ కూర్చుంటే బడి ఎప్పుడు నడవాలి?' అని అధికారులు అడగవచ్చు. న్యాయమైన ప్రశ్నే. వినడమంటే ప్రతిసారీ పెద్ద దర్బారు పెట్టక్కర్లేదు. ఒక నోటీసు ఆమె చేతికి అందేలా ఇచ్చి, పదిహేను రోజుల గడువు పెట్టి, వచ్చిన జవాబు చదివి, ఒప్పుకుంటే ఎందుకో, ఒప్పుకోకపోతే ఎందుకో నాలుగు వాక్యాలు రాస్తే చాలు. నెల పని. అది చేయకపోతే కోర్టులో పట్టేది ఏళ్లు.

అలాగని తప్పు చేసినవాళ్లను కాపాడమని నేననడం లేదు. ఆడపిల్ల ఒక టీచరు మీద ఫిర్యాదు చేస్తే, ఆ టీచర్ని ఆ క్షణమే బడికి దూరంగా పెట్టాల్సిందే. సస్పెన్షను శిక్ష కాదు, విచారణ అయ్యేదాకా జాగ్రత్త. ఆ పిల్ల మాట కూడా వినాలి, అదీ ఆమెకు భయం లేని చోట. అట్లాగే, పొరపాటున ప్రమోషను వచ్చిన జూనియరును వెనక్కి దింపాలన్నా ముందు ఆమెకూ నోటీసు ఇవ్వాలి. ఆమె తప్పేముంది? ఆర్డరు వచ్చింది, చేరింది. కోర్టు కూడా ఒక పక్క మాటే విని తేల్చేయదు. ఎవరి కుర్చీకి ఎసరు వస్తుందో వాళ్లనూ కేసులో చేర్చమంటుంది.

ప్రైవేటు బళ్లలో పనిచేసే అమ్మాయిల సంగతి ఇంకా అన్యాయం. మన చిన్న ఊళ్లలో డిగ్రీ, బి.ఇడి. చేసిన ఎంతమంది ఆ బళ్లలో చెబుతున్నారో చూడండి. చేతిలో నియామక పత్రం ఉండదు. 'రేపటినుంచి రావద్దమ్మా' అని ఫోనులో చెబుతారు. 1982 విద్యాచట్టం ప్రైవేటు విద్యాసంస్థల్లో కూడా విచారణ లేకుండా ఉద్యోగిని తీసేయకూడదంటుంది. ఆ సంగతి చెప్పేవాళ్లెవరు? మైనారిటీ సంస్థల్లో యాజమాన్యానికి రాజ్యాంగం మరింత స్వేచ్ఛ ఇచ్చింది. ఎర్నాకుళంలో ఒక మహిళా ట్రైనింగు కాలేజీ ప్రిన్సిపాలు లిల్లీ కురియన్‌ను యాజమాన్యం తీసేస్తే, ఆమె విశ్వవిద్యాలయ వైస్‌ ఛాన్సలరుకు అప్పీలు చేసుకుని గెలిచింది. కానీ వైస్‌ ఛాన్సలరుకు అంత అధికారం ఇవ్వడం మైనారిటీల హక్కుకు అడ్డమని 1978లో సుప్రీంకోర్టు చెప్పింది. 2002లో టి.ఎం.ఎ. పాయ్ కేసులో మాత్రం ఇలాంటి ఉద్యోగుల గోడు వినడానికి జిల్లా జడ్జి స్థాయి వ్యక్తితో ట్రిబ్యునళ్లు ఉండాలని చెప్పింది. యాజమాన్యం స్వేచ్ఛకూ ఒక మనిషి బతుకుతెరువుకూ మధ్య, వినేవాడు ఒకడుండాలి కదా!

అయితే అంతా అధికారుల మీదే వదిలేస్తే కాదు. మనవైపు నుంచి కూడా కొంత పని ఉంది. సీనియారిటీ జాబితా వచ్చిందని తెలియగానే మన పేరే కాదు, మన తేదీలు కూడా సరిచూసుకోవాలి. నోటిమాటగా 'సార్ చెప్పారు, చూస్తామన్నారు' అని ఇంటికి రాకూడదు. అభ్యంతరం కాగితం మీద రాసి, ఇచ్చినట్టు ఆఫీసు ముద్ర, తేదీ వేయించుకున్న నకలు మన దగ్గర పెట్టుకోవాలి. తీసుకోకపోతే రిజిస్టరు పోస్టులో పంపాలి. మెమో వస్తే ఏడ్చి ఊరుకోక గడువులోగా జవాబివ్వాలి. ఏ కాగితాల ఆధారంగా ఆ మెమో ఇచ్చారో నకళ్లు అడగాలి. 2005లో వచ్చిన సమాచార హక్కు చట్టం అందుకూ పనికొస్తుంది. బంగారం బిల్లు భద్రంగా దాచే మనం సర్వీసు కాగితాలు దాచుకోలేమా?

ఉద్యోగం చేయని మనలాంటి వాళ్లకూ ఇందులో పాత్ర ఉంది. 2009 విద్యాహక్కు చట్టం ప్రకారం సర్కారు బడి యాజమాన్య కమిటీలో నాలుగింట మూడొంతుల మంది తల్లిదండ్రులే ఉండాలి. సగం మంది ఆడవాళ్లు ఉండాలి. చాలాచోట్ల తల్లులు సంతకం పెట్టి, చాయ్ తాగి వచ్చేస్తారు. మా బడికి ఎన్నాళ్లుగా ఇన్‌ఛార్జి? పూర్తికాలం పెద్దసారో మేడమో ఎందుకు రాలేదు? కోర్టులో ఉంటే ఆ కేసు ఎంతవరకు వచ్చింది? ఈ మూడు ప్రశ్నలు అడిగి మినిట్సు పుస్తకంలో రాయించడానికి లా చదవక్కర్లేదు.

ఇంట్లో కూడా ఒక మాట. ఆఫీసు చుట్టూ తిరిగి వచ్చిన భార్యతో, కోడలితో 'నీకెందుకీ లొల్లి, జీతం వస్తోంది కదా' అనకండి. ఆమె అడుగుతున్నది జీతం గురించి కాదు. తన పేరు పక్కన తప్పు తేదీ ఉంది, దిద్దమంటోంది. ఆ రోజు పొయ్యి దగ్గర పని ఇంకొకరు చూసుకుంటే ఆమె ఆ అర్జీ కుదురుగా రాసుకోగలదు.

క్లాసులో ఇద్దరు పిల్లలు కొట్టుకుంటే టీచరు ఏం చేస్తుంది? 'నువ్వు చెప్పు' అని ఒకణ్ని అడుగుతుంది. 'ఇప్పుడు నువ్వు చెప్పు' అని రెండోవాణ్ని అడుగుతుంది. ఆ తర్వాతే బెంచీ ఎక్కించినా, మందలించినా. రోజూ ఈ పాఠం చెప్పే మనిషి విషయంలో పెద్దలు ఆ పాటి ఓపిక పట్టలేరా? ఈసారి మీ ఊరి బడిలో ఫలానా వాళ్లకు ఆర్డరు వచ్చిందని వింటే, ఎవరికి వచ్చిందని అడిగి ఊరుకోకండి. రానివాళ్లు చెప్పుకున్నది ఎవరైనా విన్నారా అని కూడా అడగండి.